ముందు చర్చి, తర్వాత బల్ల

"ఈ పిల్లకి ఏదో అవబోతోందండీ. నా మనసు చెబుతోంది."

నేనా మాట అన్నప్పటికి ఇంకా ఏమీ జరగలేదు. మా ఆయన కృపారావు గారు గుమ్మంలో కూర్చుని బూట్ల లేసులు కట్టుకుంటున్నారు. ఆయన ఆస్పత్రిలో ఎక్స్‌రే టెక్నీషియను. ఆ వారం మధ్యాహ్నం డ్యూటీ.

"ఏమైందని?" అన్నారు తలెత్తకుండా.

"ఏమీ కాలేదు. అందుకే భయం."

"పోయిన నెల గ్యాస్ లీకవుతుందన్నావు. అంతకుముందు మెట్రో తలుపులో ఎల్సా చున్నీ ఇరుక్కుంటుందన్నావు. దానికసలు చున్నీయే లేదు."

"మీకన్నీ నవ్వులాటే."

ఆయన లేచి వంటింట్లోకి వెళ్ళి ఓ గ్లాసు మంచినీళ్ళు తాగి వెళ్ళిపోయారు. ఏ మాటా తేలని చోట ఆయన లేచి మంచినీళ్ళు తాగుతారు. పెళ్ళయినప్పటి నుంచీ చూస్తున్నాను.

ఢిల్లీ మునిర్కాలో మాది మూడో అంతస్తు. రెండు గదులు, బట్టలారేసుకోవడానికి ఒక బాల్కనీ. కిటికీ పక్కన నా కుట్టుమిషను. నర్సుల యూనిఫారాలు బిగించడం, వదులు చేయడం, అంచులు కుట్టడం నా పని. పదో తరగతితో ఆగిపోయినదాన్ని. ఈ ఊరొచ్చాక బస్సుల మీది బోర్డులు చూసి హిందీ అక్షరాలు కూడబలుక్కోవడం నేర్చుకున్నాను. మా ఎల్సాకి పద్నాలుగేళ్ళు. మేం తెలుగులో అడుగుతాం, అది హిందీలో చెబుతుంది. ఈ మధ్య అదీ తగ్గింది. "హా", "నహీ", "పతా నహీ". అవును, కాదు, తెలీదు. అంతే.

వచ్చే నెల మొదటి ఆదివారం అది బాప్తిస్మం తీసుకోవాలి. ఆర్.కె. పురంలో మా తెలుగు క్రైస్తవ సంఘం కూడే హాలు ఉంది. అక్కడ మా పాస్టరు అయ్యగారు పేర్ల జాబితా అంటించారు. మూడో పేరు మా పిల్లది. తెల్ల సాటిన్ తెచ్చి గౌను నేనే కుడుతున్నాను. డిసెంబరు చలిలో తొట్టి నీళ్ళలో ముంచితే న్యుమోనియా వస్తుందేమోనని లోపల అస్తరు కూడా వేశాను. అయినా పదిహేనేళ్ళుగా నేను ప్రార్థించింది ఆ ఒక్క రోజు కోసమే. కడుపులో ఉన్నప్పుడే మొక్కుకున్నాను.

ఆ గౌను కొలత చూసుకోవడానికి సుద్దముక్క కనబడక దాని స్కూలు బ్యాగు తెరిచాను. అప్పుడు దొరికింది ఆ నోట్‌బుక్కు.

చిన్నది, నీలం అట్ట. లోపల హిందీ అక్షరాలు, ఎల్సా చేతిరాత. నేను వేలు పెట్టి ఒక్కొక్క అక్షరమే చదువుకున్నాను.

"పహలే చర్చ్. ఫాదర్ కే పాస్ లిఖ్‌వానా. ఫిర్ బల్ల."

మొదట చర్చి. ఫాదర్ దగ్గర రాయించు. తర్వాత బల్ల. బల్ల అన్న తెలుగు మాట హిందీ అక్షరాల్లో ఉంది. కింద ఇంకా ఉన్నాయి. మూడు చక్రాల మిషన్ల దగ్గర టైం వేస్ట్, కార్డుల బల్లే మంచిది. ఏడు లోపు ముక్క పడితే, తర్వాత వచ్చేది "పెద్దది" అనాలి. తొమ్మిది దాటితే "చిన్నది" అనాలి. ఏడు, ఎనిమిది, తొమ్మిది పడితే ఆడకూడదు, వచ్చింది తీసుకుని లేచిపోవాలి. రెండు రెట్టింపులయ్యాక మంచినీళ్ళు. పోతే ఏడవకూడదు, మళ్ళీ చర్చి నుంచి. అన్నిటికన్నా చివర, రెండు గీతలు గీసి, "వెండిది రావాలంటే ఇంకా నాలుగు వేలు".

మిషను ముందే కూలబడ్డాను.

జూదం.

ముందు బీరువా తెరిచి నా పెళ్ళినాటి వెండి పట్టీలు చూసుకున్నాను. ఉన్నాయి. ఎల్సా చెయినుంది. నా ఉంగరం ఉంది. ఇంకా పోలేదు, పోబోతున్నాయన్నమాట.

పేకాట అంటే ఏంటో నాకు తెలుసు. మా ఆయన ఇరవై రెండేళ్ళ వయసులో పాలకొల్లులో మా అత్తగారి కుట్టుమిషను పేకాటలో పోగొట్టారు. ఆవిడ వారం రోజులు ఆ ఖాళీ చోటనే కూర్చుందట. తర్వాత ఆయన సంఘం ముందు నిలబడి, బైబిలు మీద చెయ్యి వేసి ఇక ముక్క పట్టనని ప్రమాణం చేశారు. ఆ సాక్ష్యం విన్నాకే మా నాన్న నన్నిచ్చి చేశాడు. మాట నిలబెట్టుకున్న మనిషి. రైల్లో ఎదుటి సీట్లవాళ్ళు పేక తీస్తే కిటికీ వైపు తిరిగి కూర్చుంటారు. మొదటి జీతంతో ఆయన కొన్న మిషనే ఇప్పుడు నేను తొక్కేది.

ఆ తండ్రి కూతురికి ఇదెలా అంటుకుంది?

ఆ రాతలో నన్ను ఎక్కువగా పట్టుకుంది ఒక తెలుగు మాట. ముక్క. ఢిల్లీలో పుట్టి పెరిగిన పిల్ల కార్డు అంటుంది, లేకపోతే పత్తా అంటుంది. ముక్క అనేది మా వైపు మాట. అంటే దీనికి నేర్పేవాడు మనవాడే. మా గోదావరి వైపు మగాడెవడో నా పిల్లని చేరదీసి, పక్కన కూర్చోబెట్టుకుని, ముక్కలు చెబుతున్నాడు.

మర్నాడు ఎల్సా స్నానానికి వెళ్ళగానే దాని ఫోను తీశాను. అది తెరవడానికి గీత ఎలా గీస్తుందో వెనకనుంచి చూసి పెట్టుకున్నాను. స్కూలు గ్రూపు, పాటలు, కుక్కపిల్లల వీడియోలు. ఇంకేమీ లేవు. ఏమీ లేకపోయేసరికి ఇంకా భయం వేసింది. ఇంత శుభ్రంగా తుడిచి పెట్టడం ఎవరు నేర్పారు?

బాల్కనీలో అది తన బొమ్మ పట్టుకుని కూర్చుంది. బొమ్మంటే చిన్న తెర ఉన్న బూడిదరంగు డబ్బా, అరచేతిలో పడుతుంది. ఎక్స్‌రే డిపార్ట్‌మెంటులో క్రాంతి అనే కుర్రాడు దుబాయ్ వెళ్ళిపోతూ, తన చిన్నప్పటిదని మా ఆయనకిచ్చాడు. పెన్సిల్ సెల్లులు వేస్తే టింగుటింగుమని మోగుతుంది. కత్తి పట్టుకున్న బుల్లి మనిషి ఒకడు ఊళ్ళు తిరుగుతూ దయ్యాలను కొడుతుంటాడు. నాకు దాని మీద అనుమానం లేదు. పైగా సంతోషం, ఫోను చూడ్డం తగ్గుతుందని. మా ఆయన కూడా సెలవు రోజు దాని పక్కన ముక్కాలిపీట వేసుకుని కూర్చుంటారు. నేను వెళితే, "సెల్లులు మారుస్తున్నాను" అంటారు.

ఆ రాత్రి భోజనాల దగ్గర, ఎల్సా లేచాక, నోట్‌బుక్కు ఆయన ముందు పెట్టాను.

ఆయన చదివారు. చాలాసేపు చదివారు. లేచి మంచినీళ్ళు తాగారు.

"ఏదో పిల్లల ఆటై ఉంటుంది, జ్ఞానం," అన్నారు నన్ను పేరు పెట్టి పిలిచి.

"పిల్లల ఆటలో రెట్టింపులుంటాయా? ఫాదర్ దగ్గర పేరు రాయించాలా? మీకు భయం వెయ్యడంలేదా?"

"నేను మాట్లాడతాలే. నువ్వు ఎవరికీ చెప్పకు."

మర్నాడు నోట్‌బుక్కు తిరిగి దాని బ్యాగులో పెట్టేసి ఆయన్ని అడిగాను, మాట్లాడారా అని. మాట్లాడానన్నారు. ఏమందంటే ఏమీ లేదందన్నారు. ఆయన నా మొహం చూడలేదు. పిల్ల ఆయనకీ అబద్ధం చెప్పిందనీ, ఆ సంగతి నాకు చెప్పలేక కుమిలిపోతున్నారనీ అనుకున్నాను.

ఇక నేనే కదిలాను. మేం మా పాస్టరుగారిని అయ్యగారంటాం, ఫాదరని ఎవరూ అనరు. కాబట్టి ఇది వేరే చర్చి. ఎల్సా స్కూలు దారిలో ఒకటుంది, దాని గోడ పక్కన టీకొట్టు, టీకొట్టు ముందు ఒక బల్ల, బల్ల మీద ఎప్పుడూ నలుగురు మగాళ్ళు. అన్నీ సరిపోయాయి. స్కూలు వదిలే వేళకి ముఖానికి మాస్కు కట్టుకుని ఆ చర్చి గేటు పక్కన నిలబడ్డాను. నవంబరు పొగలో సగం ఊరు మాస్కులోనే ఉంది, నన్నెవరు గుర్తుపడతారు?

ఇక్కడ ఫాదర్ దగ్గర పేర్లు రాయిస్తారా అని గేటు దగ్గర కాపలా అతనిని మెల్లిగా అడిగాను. "భయ్యా, యహా ఫాదర్ కే పాస్ నామ్ లిఖ్‌వాతే హై క్యా?"

"హా దీదీ. షాదీ కా, యా మౌత్ కా? దోనోం కా రిజిస్టర్ అలగ్ హై." పెళ్ళికా, చావుకా, రెండింటికీ వేరే రిజిస్టర్లు అన్నాడు.

"బచ్చోం కా?"

"బచ్చోం కా సండే స్కూల్ హై. పర్చీ భర్నీ పడేగీ." పిల్లలకి సండే స్కూలు ఉంది, చీటీ నింపాలట.

నేను టీకొట్టు వైపు వేలు చూపించాను. "ఔర్ వో లోగ్?"

అతను నన్ను కిందనుంచి పైదాకా చూశాడు. "వో? వో తో కిసీ కా ఉధార్ నహీ చుకాతే. ఆప్ కౌన్ హో?" వాళ్ళు ఎవరి అప్పూ తీర్చరట, ఇంతకీ నేనెవరని ఎదురడిగాడు.

నేను జవాబు చెప్పేలోగా ఎల్సా వచ్చింది. ఒక్కతే. చర్చి వైపు చూడలేదు, బల్ల వైపు చూడలేదు. మొక్కజొన్న కంకి కొనుక్కుని తింటూ ఇంటిదారి పట్టింది. అంత జాగ్రత్తగా ఉందంటే ఎవరో కనిపెట్టుకుని ఉండమని చెప్పి ఉంటారు అనుకున్నాను. మూడు రోజులు అలాగే వెంట నడిచాను. మూడు రోజులూ మొక్కజొన్నే.

ఆ ఆదివారం మా ఆరాధనలోనూ నాకు ప్రశాంతత లేదు. పాటలు పాడించే అబ్బాయిది నరసాపురం. వాడు ఎల్సాకి పాటల పుస్తకం అందించినప్పుడు లోపల చీటీ ఏమైనా ఉందేమోనని చూశాను. కానుకల సంచి పట్టుకొచ్చే లింగయ్యగారు పెద్దమనిషి, సంఘపు పెద్ద. ఆయనది భీమవరం. ఆయన్నీ అనుమానించాను, దేవుడు క్షమించాలి.

శుక్రవారం మా సంఘం స్త్రీల కూడిక, దాన్ని నడిపే రూతమ్మ వదిన వాళ్ళింట్లో. వాక్యం అయ్యాక వదిన ఎప్పటిలాగే, "ప్రార్థన మనవులు ఉన్నవాళ్ళు చెప్పండమ్మా" అంది. ఒకామె మోకాళ్ళ నొప్పులు చెప్పింది. ఒకామె కొడుకు వీసా చెప్పింది. నేను చెప్పకూడదనే అనుకున్నాను. ఆయన వద్దన్న మాట గుర్తుంది. కానీ మా కూడికల్లో గుండెలో ఉన్నది దాచి మోకాళ్ళూనితే ఆ ప్రార్థన పైకి వెళ్ళదని మా అమ్మ నేర్పింది. లేచి నిలబడ్డాను.

"మా ఎల్సా జూదంలో పడిందమ్మా. ఎవరో నేర్పుతున్నారు. దాని విడుదల కోసం ప్రార్థన చెయ్యండి."

గది దద్దరిల్లింది. పాతికమంది ఒక్కసారే గొంతెత్తి ప్రార్థించారు. రూతమ్మ వదిన నా తల మీద చెయ్యి పెట్టి ఏడ్చింది. నా గుండె తేలికైంది. ఇంటికి వచ్చి చాలా రోజుల తర్వాత కడుపునిండా అన్నం తిన్నాను.

మర్నాటికి నా మాట సంఘమంతా పాకింది. ఎల్సా పాటల ప్రాక్టీసుకి వెళ్ళి అరగంటలో తిరిగొచ్చేసింది. చెప్పులు విప్పలేదు. బ్యాగులోంచి నీలం నోట్‌బుక్కు తీసి నా మిషను మీద, కుడుతున్న తెల్ల సాటిన్ మీద పెట్టింది. నా వైపు ఒక్కసారి చూసింది. గదిలోకి వెళ్ళి తలుపు వేసుకుంది.

ఆ తర్వాత వారం రోజులు దాని నోట్లోంచి మాట రాలేదు. తెలుగూ లేదు, హిందీ లేదు. "హా", "నహీ" కూడా లేవు. పెట్టింది తినేది, స్కూలుకి వెళ్ళేది, వచ్చేది. బాల్కనీలో టింగుటింగులు ఆగిపోయాయి. మా ఆయన దాని తలుపు దాకా వెళ్ళి నిలబడి, తిరిగొచ్చి మంచినీళ్ళు తాగేవారు.

"ఒప్పుకుంటే అయిపోతుంది కదండీ. ఎవరో పేరు చెబితే చాలు," అన్నాను.

"అది చెప్పదు జ్ఞానం," అన్నారు.

"మీకెలా తెలుసు?"

ఆయన గ్లాసు పట్టుకుని వంటింట్లోకి నడిచారు.

బాప్తిస్మానికి ముందురోజు, శనివారం మధ్యాహ్నం, అయ్యగారు పేరిచ్చిన పిల్లలను తల్లిదండ్రులతో సహా పిలిచి ప్రశ్నలడుగుతారు. హాలు వెనక చిన్నగది. అయ్యగారు, పక్కన లింగయ్యగారు. మా ముందు ఇద్దరు పిల్లలు వెళ్ళి నవ్వుతూ బయటికొచ్చారు. తర్వాత మేం.

అయ్యగారు మెత్తటి మనిషి. "ఎల్సా, నాకు సంగతి తెలిసింది తల్లీ. నేను కోప్పడను. నువ్వు జూదం ఆడుతున్నావా?"

ఎల్సా నేల చూస్తోంది.

"ఎవరు నేర్పారు? ఆ పేరు చెప్పమ్మా. మనలో వాళ్ళా?"

పైన ఫ్యాను ఆగి ఉంది, చలికాలం కదా. పక్క హాల్లో ఎవరో కుర్చీలు సర్దుతున్న చప్పుడు.

"చెప్పకపోతే రేపు ఎలాగమ్మా?" అన్నారు లింగయ్యగారు. "నీళ్ళలో దిగేముందు దాపరికం ఉండకూడదు కదా."

నేను దాని భుజం పట్టుకుని ఊపాను. "చెప్పవే. నీ కాళ్ళు పట్టుకుంటాను, చెప్పు. ఎవడు వాడు?"

అప్పుడు చూశాను. అది నేల చూడటంలేదు. వాళ్ళ నాన్న బూట్లు చూస్తోంది.

ఆయన లేచారు. గది మూల కూజా ఉంది. ఆయన అటు రెండడుగులు వేసి, కూజా దగ్గర ఆగి, నీళ్ళు తాగకుండానే తిరిగొచ్చారు.

"అయ్యగారూ, నేర్పింది నేనండి."

నాకు ఆ మాట అర్థం కాలేదు. ఆయన తన డ్యూటీ సంచీలోంచి బూడిదరంగు డబ్బా తీసి బల్ల మీద పెట్టారు.

"ఇందులో ఒక ఊళ్ళో పేకాట హాలు ఉందండి. అక్కడ బొమ్మ నాణేలు గెలిస్తే వెండి కవచం ఇస్తారు. అది లేకపోతే ముందున్న దయ్యం చంపేస్తుంది. అంగట్లో అమ్మరు. పిల్ల నెలరోజులు అక్కడ నాణెం వేసి తిప్పే మూడు చక్రాల మిషన్ల దగ్గరే ఓడిపోతూ కూర్చుందండి. చూడలేక, కార్డుల బల్ల దగ్గరికి తీసుకెళ్ళాను. ఎప్పుడు రెట్టింపు చెయ్యాలో, ఎప్పుడు లేవాలో నాకు తెలుసు కదండి. మర్చిపోయాననుకున్నాను. ఏదీ మర్చిపోలేదు."

"మరి చర్చి?" అన్నాను. "ఫాదర్ దగ్గర రాయించడం?"

ఆయన మీట నొక్కి డబ్బాను అయ్యగారికి అందించారు. టింగుమంది. అయ్యగారు కళ్ళజోడు పైకి జరిపి చూశారు. నేనూ వంగి చూశాను. వేలిగోరంత చర్చి, లోపల నల్ల అంగీ వేసుకున్న బుల్లి ఫాదరు. కింద ఇంగ్లీషులో ఏదో రాసుంది.

"ఇప్పటిదాకా నువ్వు చేసిన పనులన్నీ గ్రంథంలో రాయమంటావా అని అడుగుతున్నాడు," అని చదివారు అయ్యగారు. ఆయన మీసాలు కదిలాయి.

"రాయించుకుని వెళితే, ఓడిపోయినా ఆపేసి మళ్ళీ అక్కణ్ణుంచి మొదలెట్టొచ్చండి. పోయింది పోనట్టే," అన్నారు మా ఆయన. "అప్పట్లో మాకు అలాంటిది లేదండి."

లింగయ్యగారు దగ్గారు. "బొమ్మ నాణేలైనా పేకాట పేకాటేనండీ కృపారావు గారూ. మీరు ప్రమాణం చేసిన మనిషి."

"అవునండి. అందుకే నోరు విప్పలేదు. పిల్లని ముందు నిలబెట్టి నేను వెనక దాక్కున్నాను. అది నా పేరు చెప్పకుండా వారం రోజులు మాట మానేసింది."

అయ్యగారు డబ్బాను మెల్లిగా బల్ల మీద పెట్టారు. "నీ సంగతి మనిద్దరం తర్వాత కూర్చుని మాట్లాడుకుందాం కృపారావూ. ఎల్సా, నీ మీద ఇప్పుడేమీ లేదు తల్లీ. రేపు వస్తావా?"

ఎల్సా తల ఊపలేదు.

"బలవంతం లేదు," అన్నారాయన. "ఇది అమ్మానాన్నలు ఇచ్చేది కాదు. నువ్వు తీసుకునేది. పొద్దున్న ఎనిమిదిలోపు చెప్పు చాలు."

బయట రూతమ్మ వదిన కుర్చీలు తుడుస్తోంది. నన్ను చూసి ఆత్రంగా, "విడుదలైందా?" అంది. నేను కొంగు నోట్లో కుక్కుకున్నాను.

ఇంటిదాకా ఆటోలో ముగ్గురం పక్కపక్కనే. ఎల్సా ఒక చివర, నేను ఒక చివర, మధ్యలో ఆయన. సిగ్నల్ దగ్గర ఆటో ఆగితే ఆయన చెవిలో గట్టిగానే అన్నాను. "అందరినీ అనుమానించానండీ. దేవుడి సంచి మోసే మనిషిని అనుమానించాను. మీరు చూస్తూ కూర్చున్నారు."

"తప్పే."

"ఎందుకు చేశారీ పని?"

ఆయన ముందున్న బస్సును చూశారు. "అది నన్ను తెలుగులో అడిగింది జ్ఞానం. 'నాన్నా, ఇప్పుడు ఏం చెయ్యాలి' అని. రోజూ గంటసేపు. ముక్క అంటే ఏంటి, బల్ల అంటే ఏంటి. అది ఆగిపోతుందేమోనని భయం వేసింది నాకు."

భయం వెయ్యడం నా ఒక్కదానికే వచ్చనుకున్నాను.

ఇంటికొచ్చాక ఎల్సా గదిలోకి వెళ్ళింది. ఈసారి తలుపు వెయ్యలేదు. తలుపు వెనక హ్యాంగరుకి తెల్ల గౌను వేలాడుతోంది, అంచు ఒక్కటే మిగిలింది. నేను వెళ్ళి మంచం చివర కూర్చున్నాను. మూడు వారాలుగా దాని బ్యాగు వెతికాను, ఫోను వెతికాను, మొక్కజొన్న తినడం చూశాను, కాపలా అతన్ని అడిగాను, పాతికమంది ఆడవాళ్ళకి చెప్పుకున్నాను. దాన్ని మాత్రం, ఇవాళ నలుగురి ముందు నిలదీసేదాకా, ఒక్కమాట అడగలేదు. ఆ సంగతి అక్కడ కూర్చున్నాకే తట్టింది.

"తప్పు నాదే ఎల్సా," అన్నాను. "నిన్ను అడగాల్సింది. ఇప్పుడు అడుగుతున్నాను. రేపు వస్తావా? రానంటే గౌను విప్పేస్తాను. ఎవరికీ ఏమీ చెప్పను. మీ నాన్నని కూడా ఏమీ అనను."

అది గోడవైపు తిరిగి ఉంది. కింద వీధిలో కూరలబండి అతను మేథీ, పాలక్ అని అరుచుకుంటూ ఈ చివర నుంచి ఆ చివరకి పోయాడు. పక్కింటి కుక్కరు మూడు కూతలు కూసింది. నేను నాలుగోది లెక్కపెడదామని కూర్చున్నాను, అది రాలేదు. గుమ్మం దగ్గర మా ఆయన నీడ నిలబడి ఉంది, లోపలికి రాకుండా. రాదన్నమాట, అయిపోయింది, పదిహేనేళ్ళ మొక్కు నా నోటితోనే పోగొట్టుకున్నాను అనుకున్నాను. మిషను మీద నుంచి కత్తెర తెచ్చుకోవడానికి లేచాను.

మంచం చప్పుడైంది. ఎల్సా లేచి వచ్చి హ్యాంగరు దించి, గౌను భుజాలకి ఆనించి, ఒక చెయ్యి దూర్చి చూసుకుంది.

"చేతులు బిగుతు ఉన్నాయి మమ్మీ," అంది, తెలుగులో. "కొంచెం వదులు చెయ్యి."